దేవదాసు కళ్లు
1953లో తెలుగులోనూ తమిళంలోనూ తీసిన ‘దేవదాసు’ తమిళనాడులోని మా ఆండిపట్టి తెలుగు ఇళ్లకి రెండు భాషల్లోనూ సొంత సినిమాయే. గీతలు పడ్డ పాత ప్రింట్లలో దేవదాసు తాగుడు విరహంలాగే కనిపించేది. మెరుగుపరిచిన ప్రింటును పెద్ద టీవీలో చూస్తే ముందు తగిలేవి దేవదాసుగా నటించిన అక్కినేని కళ్లు. వాలిపోయే రెప్పలు, ఎక్కడా నిలవని చూపు. ఆ మత్తు కోసం ఆయన కడుపునిండా పెరుగన్నం తిని రాత్రిళ్లు నటించారు. బి.ఎస్. రంగా కెమెరా పట్టిన ఆ అలసటంతా ఇప్పుడు బయటపడుతోంది. ఇంత స్పష్టత బాధను తమాషా చేస్తుందనీ, ఇంట్లో అయితే పాజ్ నొక్కి లేచిపోతామనీ కొందరంటారు. లేచిపోయేవాళ్లు ఉంటారు, నిజమే. కానీ సీసాకి ఇన్నేళ్లూ అందం తెచ్చిపెట్టింది పాత ప్రింట్ల ఆ మసకే కదా! 2003 నుంచి మద్యం చిల్లర అమ్మకం ప్రభుత్వ సంస్థ టాస్మాక్ చేతిలో ఉన్న ఈ రాష్ట్రంలో, ప్రేయసి పార్వతి ఇంటిముందు కూలిపోయిన ఆ ముఖాన్ని ప్రతి గీతతో సహా చూడాలి.