చౌరస్తా పాట, మన తండా పాట

ఆలేరు హాస్టల్ నుంచి రాస్తున్నం.

మా రూముల్ల రాత్రిపూట ఎక్కువ మోగేది "ఊరెళ్ళిపోతా మామ". అది సినిమా పాట కాదు. హైదరాబాద్‌ల చౌరస్తా అనే బ్యాండు రెగే తాళానికి మన పల్లె మాట కలిపి కట్టిన పాట. యూట్యూబ్‌ల పెడితే ఊర్లదాకా పోయింది. "చదువుకొని బయటపడు బిడ్డా" అని తండా నుంచి పంపిస్తే వచ్చినోళ్లం మనం. అయినా ఆ పాట వింటే ఇల్లు యాదికొస్తది.

తర్వాత ఆ బ్యాండుల పాడిన రామ్ మిరియాల సినిమాలకు పోయిండు. 2021ల జాతిరత్నాలుల "చిట్టి", 2022ల డీజే టిల్లు పాట ఆయనవే. 2021లనే భీమ్లా నాయక్ టైటిల్ పాటల కూడా పాడిండు. అదే పాట మొదట్ల వినిపించేది మన పాలమూరు దిక్కు మొగులయ్య గొంతు. ఆయన 12 మెట్ల కిన్నెర పట్టుకొని ఏండ్లకేండ్లు ఊరూరు తిరిగి పాడినోడు. చాలామందికి మాత్రం సినిమాతోనే తెలిసిండు. 2022ల పద్మశ్రీ ఇచ్చిన్రు.

సినిమా పిలిచేదాక మన పాట ఆగాల్నా? చౌరస్తోళ్లు ఆగలే, వాళ్ల పాట వాళ్లే పెట్టుకున్నరు.

తీజ్‌ల తొమ్మిది రోజులు గోధుమ మొలకలకు నీళ్లు పోసుకుంట పాడే పాటలు చాలావరకు మన ముసలమ్మల నోట్లనే ఉన్నయి. వాళ్లు పోతే అవి పోతయి. ఈసారి తండాకు పోయినప్పుడు ఒక్క గంట డీజే ఆపుదాం. అమ్మమ్మను అడిగి ఫోన్ల రికార్డు చేద్దాం. పాట కింద ఆమె పేరు, తండా పేరు రాద్దాం. కోయ, గోండు, చెంచు అన్నలు, అక్కలు, మీ పాటలు గూడ తీయున్రి. ఎవరు మొదలుపెడ్తరో కింద చెప్పున్రి.