రబ్బా అన్న పిలుపు

తెలుగునాట పాట అంటే చాలాకాలం సినిమా పాటే. దానికొక కథ ఉండేది, కథకొక నాయకుడు ఉండేవాడు. పాడిన స్త్రీ తెర వెనుకనే ఉండిపోయేది. ఈ శతాబ్దం మొదలయ్యే రోజుల్లో ‘హాయ్ రబ్బా’ క్యాసెట్టు వచ్చి ఆ వరుసను మార్చింది. సినిమా లేదు, నాయకుడు లేడు. పాటలకు గొంతూ ముఖమూ ఒక్క అమ్మాయివే. ఆమె విజయవాడకు చెందిన స్మిత. 1996లో ఈటీవీలో మొదలైన ‘పాడుతా తీయగా’ ద్వారా శ్రోతలకు పరిచయమైన గాయని.

సంగీతం విషయంలో ధార్మిక పండితుల అభిప్రాయాలు ఈ పత్రిక పాఠకులకు తెలియనివి కావు. ఆ చర్చను మేమిక్కడ తలపెట్టడం లేదు. పానగల్‌లోని మా ఇంట ఆ రోజుల్లో వివాదం రేగింది రాగం గురించి కాదు, ఒక్క పదం గురించి.

మా ఇంట్లో టేప్‌రికార్డరు ఉన్నది ఖుర్ఆన్ పారాయణం వినడానికి. పాట మాత్రం పక్కింటి గోడ మీదుగానో, పెళ్లి ఊరేగింపు వెంటనో వద్దన్నా వచ్చి చేరేది. విన్న మొదటి రోజే అబ్బాకు కోపం వచ్చింది. “ప్రతి రకాతులోనూ ఫాతిహాలో పలికే పేరు అది. దానికి చిందులా?” అన్నారు. లారీ మీద ఉత్తరాది తిరిగివచ్చిన చాచా ఒప్పుకోలేదు. పంజాబులో కాలికి ముల్లు గుచ్చుకున్నా, చేతిలో గిన్నె జారిపడినా నోటివెంట వచ్చేది ‘రబ్బా’యేననీ, సిక్కులూ హిందువులూ ముస్లింలూ ఒకే తీరున అంటారనీ చెప్పాడు. “నొప్పిలో పిలవడం, తాళానికి పిలవడం ఒకటేనా?” అన్నారు అబ్బా. అన్నదమ్ములిద్దరూ ఆ రాత్రి మౌనంగానే భోజనం ముగించారు.

దాదీ బడి ముఖం చూసిన మనిషి కాదు. అయినా రబ్బ్ అంటే పెంచి పోషించేవాడని మాకు మొదట చెప్పింది ఆమే. ఈ తగవంతా విని ఆమె అడిగింది ఒక్కటే: “ఆ పిల్ల రాత్రిపూట పాడి ఇంటికి పోయేటప్పుడు తోడు ఎవరుంటారు?” ఎవరి దగ్గరా జవాబు లేదు. పాట మంచిచెడ్డలు తేల్చడానికి కూర్చున్న పెద్దలెవరికీ పాడే మనిషి గుర్తుకు రాలేదు.

అంతకు ముందు తరం ముస్లిం ఇళ్లలో ఇలాంటి అలజడి రేపిన ఆల్బమ్ నాజియా హసన్ పాడిన ‘డిస్కో దీవానే’. 1981లో అది వచ్చేనాటికి ఆమెకు ఇంకా పదహారే. అందులో తమ్ముడు జొహేబ్ కూడా ఆమెతో కలిసి పాడాడు. 2000 ఆగస్టు 13న లండన్‌లో క్యాన్సర్‌తో కన్నుమూసినప్పుడు ఆమె వయస్సు 35. ఆ పాటలను మెచ్చినవారూ ఈసడించినవారూ కూడా ఆమెను చాలాకాలం ఆ పదిహేను, పదహారేళ్ల పిల్లగానే తలచుకున్నారు.

ఇప్పుడు మా ఇంట పదమూడేళ్ల పిల్ల ఉంది. ఆమె చెవుల్లో జపాన్ పాటలు. అక్కడి పాటల తారలను ‘ఐడల్’ అంటారు. “అంటే విగ్రహమా?” అని అబ్బా అడిగారు. పానగల్‌లో ఆ మాటకు వేరే వివరణ అక్కరలేదు. పచ్చల సోమేశ్వరాలయం పక్కనున్న మ్యూజియంలో కందూరు చోళుల నాటి శిల్పాలు చూస్తూ పెరిగినవాళ్లం. రాతికి వయస్సు రాదు, ఆకలి లేదు, మనస్సు మారదు. మనిషిని ఆ పేరుతో పిలిచినప్పుడు ఆమె నుంచి కూడా అదే ఆశిస్తారేమో.

అక్కడ 2005లో ఏర్పడిన ఏకేబీ48 అనే బాలికల బృందం సీడీలతోపాటు కరచాలనపు టికెట్టు ఇచ్చేది. ఆ కొద్ది క్షణాల కోసం ఒకే సీడీని పదేసి కొన్నవారున్నారు. 2013లో ఆ బృందంలోని మినామి మినెగిషి ఒక యువకుడి ఇంట రాత్రి గడిపిందని ఒక పత్రిక రాసింది. ఇరవై ఏళ్ల ఆ యువతి గుండు చేసుకుని, కెమెరా ముందు ఏడుస్తూ క్షమాపణ చెప్పింది. పరాయి యువకుడి ఇంట ఉండడాన్ని మేము సమర్థించము. కానీ పాప క్షమాపణ వేడవలసింది ఎవరి ముందు? సీడీ కొన్నవాడి ముందా?

మొమొయే యమగుచి కథ వేరు. 1980లో, 21వ ఏట, వివాహానికి ముందు, టోక్యోలోని బుడోకాన్‌లో చివరి పాట ముగించి మైకును వేదిక మీద ఉంచి వెళ్లిపోయింది. మళ్లీ పాడలేదు. ఆడపిల్ల చోటు ఇల్లేనని దీన్ని చూపి వాదించేవారు ఉంటారు. మాకు నచ్చినది అది కాదు. ఎప్పుడు ఆపాలో ఆమే నిర్ణయించుకుంది. వేలాది అభిమానులు కన్నీళ్లతో ఉన్నా వెనుదిరగలేదు.

ఈ సంగతులన్నీ మా పిల్లకు చెప్పాము. తనకు నచ్చిన గాయని కొత్త ఆల్బమ్ కోసం ఆమె ఈద్ డబ్బులు దాచుకుంటోంది. గుండు చేసుకున్న యువతి గురించి విని చాలాసేపు ఏమీ అనలేదు. తరువాత అడిగింది: “నేనూ డబ్బిచ్చి కొంటే, ఆమె నాకు కూడా క్షమాపణ చెప్పుకోవాలా?”

అబ్బా మా వైపు చూశారు. మేము దాదీ ఉంటే బాగుండుననుకున్నాము. డబ్బులు ఇంకా డబ్బాలోనే ఉన్నాయి.