చెంచులక్ష్మి పుట్టినింట

'చెంచులక్ష్మి' యనగానే మనలో పెక్కుమందికి 1958లో వచ్చిన చిత్రమందలి అంజలీదేవి కన్నులకు గట్టును. అంతకు పదునైదేండ్లు ముందే, 1943లో, సౌందరరాజన్ గారు తీసిన 'చెంచులక్ష్మి'లో సి.హెచ్. నారాయణరావు గారి సరసన చెంచుపిల్ల వేషము ధరించిన నటి కమలా కోట్నీస్. ఆ పిల్ల పుట్టినిల్లు చూడవలెనను కోరికతో నేనును మా చెల్లెలి కూతురును ఒకనాటి యుదయమున నంద్యాలలో బస్సెక్కితిమి.

ఆళ్లగడ్డవరకు దారి కిరుప్రక్కల పచ్చని చేలే. అచ్చట తూర్పునకు మరలిన కొంతసేపటికి నల్లమల కొండలు నీలముగా నెదురయ్యెను. ఆ కొండలలోనే అహోబిలము. హిరణ్యకశిపుని జంపిన పిమ్మటను కోపము చల్లారక యడవిలో దిరుగు నరసింహస్వామి యిచ్చట నొక చెంచుపడుచును వలచి పెండ్లాడెనని కథ. ఎగువ అహోబిలమున నామెకు ప్రత్యేకముగ సన్నిధి కలదు.

ఈ బంధుత్వము పురాణముతో ముగియలేదు. ఏటేట సంక్రాంతి పండుగనాళ్లలో స్వామి పల్లకి నెక్కి పారువేటకు బయలుదేరును. 40 దినములకు పైగా, 30కి మించిన పల్లెలు దిరిగి, ఫాల్గునమున జరుగబోవు తన కల్యాణమునకు రండని పిలుచును. పెండ్లికొడుకే యింటింటికి వచ్చి పిలుచు పెండ్లి మఱి యెక్కడ నున్నది! చెంచులు విల్లమ్ములతో ఈ వేడుకలో పాల్గొందురు. స్వామి వారికి దేవుడే కాదు, ఇంటి యల్లుడు కూడను.

మెట్లు దిగుచుండగా మా పిల్ల యడిగినది: "పెద్దమ్మా, సినిమాలలో ఆ వేషము వేసినవారిలో చెంచువా రెవరైన నుండిరా?" లేరు. అంజలీదేవి పెద్దాపురపు బిడ్డ. కమలా కోట్నీసును చెంచుల యింటి పిల్ల కాదు. ఇరువురును మంచి నటీమణులే, వారి నేమందును? కాని చెంచెత యనగానే మనకు దోచునది వారి ముఖమే గాని, అడవిలో గడ్డలు త్రవ్వి బిడ్డలను సాకిన తల్లుల ముఖము కాదు. వింత యేమనగా, ఆ 1943లోనే హైమెన్‌డార్ఫ్ అను ఆస్ట్రియా దేశపు పండితుడు నిజాము రాజ్యమందలి చెంచుల నడుమ నివసించి వ్రాసిన పెద్ద గ్రంథము ఆంగ్లమున వెలువడినది. తెర చూచినవారు లెక్కకు మిక్కిలి; ఆ పుస్తకము మన యిండ్లలో నెందరు చదివిరి?

దిగువన దారిప్రక్క నొక ముసలి చెంచెత తేనె యమ్ముచుండెను. నా కన్నులు నా కెరుకలేకయే యామె తలలో నెమలియీకను వెదకినవి. సిగ్గుపడితిని. ఆమె నూలుచీర కొంగు సవరించుకొని, "మా అల్లుని చూసినారా, అమ్మా?" అని యడిగినది.

చూచితిమంటిని. రెండు సీసాల తేనె కొని, సాయంకాలపు బస్సునకు నడచితిమి.