అసలు కంటే వడ్డీ ముద్దు

మా నాన్నగారికి శాతాలు నచ్చవు. లెక్క రాక కాదు, ఆయన లెక్క వేరు. మా గోదావరి జిల్లాల ఊళ్ళలో ఇప్పటికీ వడ్డీని నూటికి నెలకి ఇన్ని రూపాయలని చెప్తారు. రూపాయి వడ్డీ అంటే ఏడాదికి పన్నెండు శాతం, రెండు రూపాయలంటే ఇరవై నాలుగు. 2021 ఆగస్టులో రాజమండ్రిలో ఇల్లు కొనడానికి 6.9 శాతానికి బ్యాంకు అప్పు తీసుకున్నానని ఫోన్లో చెబితే ఆయన ఒక్క క్షణం ఆగి, "అంటే యాభై ఏడున్నర పైసలు. ఈ రోజుల్లో ఆ వడ్డీకి ఇచ్చారంటే ఊరికే ఇచ్చినట్టేరా" అన్నారు.

నాకూ అలాగే అనిపించింది. నేను సాఫ్ట్‌వేర్ ఉద్యోగిని, ఉండేది హైదరాబాదులో, అద్దె ఇంట్లో. కొన్న ఇల్లు అమ్మానాన్నల కోసం. అమ్మని నెలకోసారి కోనసీమ నుంచి రాజమండ్రి ఆసుపత్రికి తీసుకురావడం నాన్నగారి మోకాళ్ళ వల్ల కావడం లేదు. మోరంపూడి వైపు రెండు పడగ్గదుల ఫ్లాటు 42 లక్షలకి దొరికింది. నా దగ్గర 12 లక్షలున్నాయి. స్టాంపు డ్యూటీ, రిజిస్ట్రేషను కలిపి ఏడున్నర శాతం, అంటే ఇంకో 3 లక్షల 15 వేలు. మిగిలిన 30 లక్షలు అప్పు. ఇరవై ఏళ్ళు, నెలకి 23,079 రూపాయల కిస్తీ.

ఇల్లు ఎంతకి కొన్నావని అడిగిన వాళ్ళందరికీ 42 లక్షలని చెప్పాను. ఎవరూ కాదనలేదు. కానీ ఆ కిస్తీని 240 నెలలతో గుణిస్తే 55 లక్షల 39 వేలు. దానికి నా చేతి డబ్బు, రిజిస్ట్రేషను ఖర్చు కలిపితే డెబ్భై లక్షలు దాటుతుంది. ఈ గుణకారం మూడో తరగతి పిల్లలు కూడా చేస్తారు. ఇంజనీరింగు చదివిన నేను సంతకం పెట్టేముందు చెయ్యలేదు. నెలకి 23 వేలు కట్టగలనా లేదా అన్నదొక్కటే చూసుకున్నాను. అప్పు అమ్మేవాళ్ళు మనల్ని అడిగే ప్రశ్న కూడా అదే. మనకి ధర చెప్పరు, నెల చెప్తారు.

కిస్తీలో రెండు ముక్కలుంటాయి. మిగిలి ఉన్న అసలు మీద ఆ నెల వడ్డీ ముందు పోతుంది, మిగిలిందే అసల్లోకి వెళ్తుంది. నా మొదటి కిస్తీలో 17,250 వడ్డీ, 5,829 అసలు. ఆ లెక్కన 30 లక్షల్లో సగం తీరడానికే పదమూడేళ్ళు పైన పడుతుంది. మిగతా సగం ఏడేళ్ళలోపే పోతుంది. ఇందులో మోసమేమీ లేదు, బాకీ పెద్దగా ఉన్నప్పుడు వడ్డీ పెద్దగా ఉంటుంది, అంతే. కానీ ఉద్యోగంలో కుదురుకుంటూ, పిల్లల్ని కంటూ, డబ్బుకి అన్నిటికన్నా ఎక్కువ అవసరం ఉండే ముప్పైల్లోనే ఆ బరువంతా మీద పడుతుంది.

2022 జులైలో గోదావరికి పెద్ద వరద వచ్చింది. ధవళేశ్వరం దగ్గర 10 లక్షల క్యూసెక్కులకి మొదటి ప్రమాద హెచ్చరిక, 13 లక్షలకి రెండోది, 17 లక్షలకి మూడోది ఇస్తారు. ఆ ఏడాది 25 లక్షలు దాటింది. లంకలో ఉండే మా పెద్దమ్మా వాళ్ళు నలుగురూ వచ్చి రాజమండ్రి ఇంట్లో పది రోజులున్నారు. హాల్లో వరసగా పరుపులు, వంటింట్లో పెద్ద గిన్నెలు. అమ్మ గొంతులో ఆ పది రోజులూ వినపడిన ధీమా నేను అంతకుముందు ఎప్పుడూ వినలేదు. ఇల్లు కొనడం మంచిపనే అయిందనుకున్నాను. ఇప్పటికీ అనుకుంటాను. అందుకే ఇది ఇల్లు కొనొద్దని చెప్పే వ్యాసం కాదు.

అదే కాలంలో ఇంకో నీటిమట్టం పెరుగుతోంది. నేను చూడలేదు. 2019 అక్టోబరు నుంచి బ్యాంకులు ఇచ్చే కొత్త ఫ్లోటింగ్ రేటు గృహరుణాలు రెపో రేటు లాంటి బయటి కొలమానానికి ముడిపడి ఉంటాయి. నేను అప్పు తీసుకున్నప్పుడు రెపో 4 శాతం. 2022 మే నుంచి 2023 ఫిబ్రవరి దాకా ఆరుసార్లు పెరిగి 6.5 అయింది. నా 6.9 కాస్తా 9.4 అయింది. ప్రతిసారీ ఫోనుకి మెసేజి వచ్చే ఉంటుంది. కిస్తీ మాత్రం మారలేదు, అదే 23,079. ఖాతాలోంచి పోయే డబ్బు మారకపోతే ఏమీ మారనట్టే అనిపిస్తుంది. మారింది గడువు.

2022 ఆగస్టులో మాకు పాప పుట్టింది. ప్రసూతి సెలవు ఇరవై ఆరు వారాలు అయ్యాక ఇంకో ఏడాది ఉద్యోగం మానేసి పాపతో ఉంటానని నా భార్య ముందునుంచీ అంటూ ఉంది. ఫిబ్రవరి వచ్చేసరికి ఇద్దరం కూచుని ఖర్చులు రాసుకున్నాం. ఇక్కడి అద్దె, అక్కడి కిస్తీ, పాప టీకాలు, అమ్మ మందులు. ఆమె కాగితం వైపు కాసేపు చూసి, "సరే, వెళ్తాలే" అంది. గొడవ పడలేదు. గొడవ పడినా బాగుండేది. పాపని చూసుకోవడానికి అమ్మ హైదరాబాదు వచ్చేసింది. ఇద్దరి కోసం కొన్న రాజమండ్రి ఇంట్లో నాన్నగారు ఒక్కరే కుక్కరు పెట్టుకుని తింటున్నారు. ఈ ఖర్చు ఏ పట్టికలోనూ రాదు.

మార్చిలో పన్ను కాగితాల కోసం బ్యాంకు స్టేట్‌మెంటు తెరిచాను. ఆ నెల కిస్తీ 23,079. వడ్డీ 22,895. అసలు 184.

తప్పు చూశానేమోనని మళ్ళీ చూశాను. నూట ఎనభై నాలుగు రూపాయలు. పందొమ్మిది నెలల్లో నాలుగు లక్షల ముప్పై ఎనిమిది వేలు కట్టాను. ముప్పై లక్షల బాకీ 29 లక్షల 22 వేల దగ్గరుంది. ఇదే కిస్తీ కడుతూ, వడ్డీ ఇలాగే ఉంటే ఎన్నాళ్ళు పడుతుందో స్ప్రెడ్‌షీట్‌లో వేసి చూశాను. 618 నెలలు. యాభై ఒకటిన్నర ఏళ్ళు. అప్పుడు నా వయసు ముప్పై మూడు. బ్యాంకు వాళ్ళ కాగితంలో గడువు వాళ్ళ నిబంధనలు ఒప్పుకునే చివరి నెల దాకా జరిగి అక్కడ ఆగింది. లెక్క ఆగదు కదా.

రోజంతా ఇతరుల ప్రోగ్రాముల్లో తప్పులు వెతకడం నా పని. శని ఆదివారాలు పుస్తకాల మీద సమీక్షలు రాసి, ఫలానా రచయిత ఫలానా విషయం గమనించలేదని తీర్పులు చెప్తుంటాను. నా పేరు మీదున్న కాగితాన్ని మాత్రం పందొమ్మిది నెలలు చదవలేదు.

ఆ ఉగాదికి నాన్నగారు హైదరాబాదు వచ్చారు. మధ్యాహ్నం భోజనాలయ్యాక స్టేట్‌మెంటు ఆయన చేతిలో పెట్టి, రెపో రేటు, గడువు, 618 నెలలు అన్నీ వివరించబోయాను. ఆయన కళ్ళజోడు పెట్టుకుని రెండు అంకెలు చూశారు.

"నోటు తిరగరాశారన్నమాట" అన్నారు.

నాకు వెంటనే అర్థం కాలేదు. ఆయన చెప్పారు. 1996 నవంబరు తుఫానులో మా కొబ్బరి చెట్లు సగానికి పైగా పడిపోయాయి. కొబ్బరి మొక్క వేస్తే కాపుకి ఏళ్ళు పడుతుంది. 97 జనవరిలో ఊళ్ళో ఒకాయన దగ్గర 40,000 రెండు రూపాయల వడ్డీకి తీసుకున్నారు. ప్రామిసరీ నోటుకి కాలపరిమితి మూడేళ్ళు. ఆలోపు ఎంతో కొంత కట్టి నోటు వెనక చెల్లు వేయించాలి, లేకపోతే నోటు తిరగరాయాలి. మూడేళ్ళకి వడ్డీ 28,800. కట్టలేదు. 2000లో నోటు 68,800కి తిరగరాశారు. మళ్ళీ మూడేళ్ళు. 2003లో అది 1,18,336. అరెకరం అమ్మి తీర్చారు.

"బారువడ్డీ అయితే ఆరేళ్ళకి 97,600 అవ్వాలి" అన్నారు. ఇరవై ఏళ్ళయినా ఆ అంకె ఆయన నోట్లో ఉంది. "రెండు రూపాయల వడ్డీ ఎక్కువే, కాదన్ను. కానీ మనల్ని ముంచింది అది కాదురా. తిరగరాసినప్పుడల్లా ఆ రోజుకి గండం గడిచిందని సంతోషించడం."

నాకు ఆ 2003 గుర్తుంది. నాన్నగారికి డబ్బు సంగతి తెలియదని, అందుకే పొలం పోయిందని ఇంటరు చదివే రోజుల్లో ఒకసారి ఆయన మొహం మీదే అన్నాను. నేను ఒక రాత్రంతా స్ప్రెడ్‌షీట్ ముందు కూర్చుని కనుక్కున్న దాన్ని ఆయన రెండు అంకెల్లో చదివారు. క్షమించమని అడగడం మా ఇంట్లో అలవాటు లేదు. ఇంకో కాఫీ తెచ్చిచ్చాను.

అమ్మ పాపని ఒళ్ళో వేసుకుని మా మాటలు వింటోంది. "అసలు కంటే వడ్డీ ముద్దని ఊరికే అన్నారా" అని పాపని ముద్దు పెట్టుకుంది. అందరం నవ్వాం. తరవాత, "వెంకన్నబాబే పెళ్ళికి కుబేరుడి దగ్గర చేసిన అప్పుకి ఇంకా వడ్డీ కడుతున్నాడు, మనమెంత" అంది. వాడపల్లికి ఏడు శనివారాలు వెళ్ళి వచ్చిన మనిషి ఆవిడ. ఆ మాట హాస్యానికి అన్నదే అయినా, అసలు తీరకుండా వడ్డీ ఒక్కటే కట్టడం దేవుడికి చెల్లుతుంది, ఆయనకి హుండీ ఉంది.

ఉన్న ముప్పావెకరం అమ్మేసి కట్టేద్దామని నాన్నగారు అన్నారు. వద్దన్నాను. మిగిలిన 221 నెలల్లోనే అప్పు తీరాలంటే కిస్తీ ఎంతవ్వాలో చూస్తే 27,861 వచ్చింది. నెలకి 4,782 ఎక్కువ. బ్యాంకుకి వెళ్ళి అడిగితే మార్చారు. ఏప్రిల్లో నాకు బోనసు వచ్చింది. ఫ్లోటింగ్ రేటు గృహరుణాన్ని ముందే తీర్చే వాళ్ళ దగ్గర బ్యాంకులు జరిమానా తీసుకోకూడదని రిజర్వు బ్యాంకు 2012లోనే చెప్పింది. రెండు లక్షలు అసల్లో కడితే 221 కిస్తీలు 186కి వచ్చాయి. ముప్పై అయిదు నెలలు తగ్గాయి. ఇందులో మాయ లేదు. తొమ్మిది శాతానికి పైన చక్రవడ్డీ పదిహేనేళ్ళు మనకి వ్యతిరేకంగా తిరిగే బదులు మనవైపు తిరిగింది.

ఆ రెండు లక్షలు నిజానికి నా భార్య ఇంట్లో ఉండాలనుకున్న ఏడాదిలో కొన్ని నెలలు. ఆమెని అడిగే కట్టాను. "కట్టెయ్. కానీ ఆ ముప్పై అయిదు నెలలూ నావి, ఎక్కడైనా రాసిపెట్టుకో" అంది. ఇక్కడ రాస్తున్నాను.

ఆఫీసులో స్నేహితుడొకడు వాదించాడు. రూపాయి విలువ ఏటా పడిపోతుంది, జీతం పెరుగుతుంది, ఇరవయ్యో ఏట ఆ కిస్తీ నీకు టీ ఖర్చులా ఉంటుంది, పైగా పన్ను మినహాయింపు అన్నాడు. మొదటి మాట నిజమే. కానీ వడ్డీలో పెద్ద వాటా రూపాయి బరువుగా ఉన్న తొలి ఏళ్ళలోనే పోతుంది. ఇక పన్ను. మనం ఉండే ఇంటి అప్పుకి పాత పద్ధతిలో ఏడాదికి 2 లక్షల వడ్డీ దాకా మినహాయింపు. ముప్పై శాతం పన్ను కట్టేవాడికి సెస్సుతో కలిపి మిగిలేది 62,400. నేను కట్టిన వడ్డీ ఆ ఏడాది రెండు లక్షలు దాటింది. అరవై వేలు మిగుల్చుకోవడానికి రెండు లక్షలు ఖర్చు పెట్టడాన్ని ఆదా అనలేను.

2023 ఆగస్టులో రిజర్వు బ్యాంకు ఒక సర్క్యులర్ ఇచ్చింది. వడ్డీ పెరిగినప్పుడు కిస్తీ మీద, గడువు మీద దాని ప్రభావం ఎంతో అప్పు తీసుకున్నవాళ్ళకి బ్యాంకులు చెప్పాలి. కిస్తీ పెంచుకోవాలా, గడువు పెంచుకోవాలా అన్నది వాళ్ళని ఎంచుకోనివ్వాలి. గడువు పెంచడం వల్ల కిస్తీ వడ్డీకి కూడా చాలని పరిస్థితి రాకూడదు. వరద వచ్చి వెళ్ళాక వచ్చిన మూడో ప్రమాద హెచ్చరిక అది. అయినా హెచ్చరికే. మీకు అలాంటి అప్పు ఉంటే స్టేట్‌మెంటులో కిస్తీని కాదు, దాని పక్కనున్న రెండు అంకెల్నీ, మిగిలిన నెలల్నీ చూడండి. అయిదు నిమిషాల పని.

2025 ఫిబ్రవరి నుంచి రెపో తగ్గడం మొదలైంది. జూన్‌కి 5.5 అయింది. నా వడ్డీ 8.4కి దిగింది. కిస్తీ తగ్గించుకోలేదు, అదే కడుతున్నాను. పాప బడికి వెళ్తోంది, అమ్మ రాజమండ్రి తిరిగి వెళ్ళింది. పాప ఏడాది వయసు మాత్రం తిరిగి రాదు. ఆ సంగతి మేమిద్దరం మాట్లాడుకోం.

నాన్నగారు ప్రతి నెలా ఆరో తారీఖున ఫోను చేస్తారు. బాగున్నారా అని కూడా అడగరు. "ఈ నెల అసల్లో ఎంత పోయిందిరా?" చెప్తే తన నోటుపుస్తకంలో 'చెల్లు' అని రాసి, దాని పక్కన ఆ అంకె వేసుకుంటారు. వడ్డీకి ఆ పుస్తకంలో గడి లేదు. మొన్న జులైలో మొదటిసారి పదివేలు దాటింది.

"ఊఁ" అన్నారు. పెట్టేశారు.