నాలుగో బోరు

పోయిన నెల బెంగళూరు పీజీలో పడుకుని ఫోన్‌లో ఒక డాక్యుమెంటరీ చూశాను. మెక్సికోలోని కాలిఫోర్నియా సింధుశాఖ మీద. ఒడ్డున ఎడారి, చెట్టంత బ్రహ్మజెముళ్లు. నీళ్లలో మాత్రం తిమింగలాలు! వాకీటా అని డాల్ఫిన్ లాంటి చిన్న జీవి ప్రపంచం మొత్తంలో అక్కడే ఉంది. చేపల వలల్లో చిక్కి చచ్చిపోగా, ఇప్పుడు పదికి అటూ ఇటుగా మిగిలాయట. ఆ సముద్రంలో కలవాల్సిన కొలరాడో నది నీళ్లను ఎగువన ఆనకట్టలు, కాలువలే లాగేసుకుంటున్నాయి. 2014లో 8 వారాలు నీళ్లు వదిలితే, ఎండిన ఏట్లోకి జనం పిల్లల్ని వెంటేసుకుని వచ్చేశారు.

అక్కడ పాజ్ చేశాను. మాది మడకశిర పక్క పల్లె. ఏటికి నీళ్లొస్తే జనం ఎందుకు పరిగెడతారో మాకెవరూ చెప్పక్కర్లేదు.

మా వైపు సముద్రం లేదు గానీ ఊళ్ల పేర్లలో ఉంది, బుక్కరాయసముద్రం లాగా. పెద్ద చెరువునే సముద్రమన్నారు. ఏడాదికి 550 మిల్లీమీటర్ల వాన పడే జిల్లాలో ఇంకేమంటారు మరి!

మా అవ్వ పుట్టిల్లు చిలమత్తూరు మండలం, వీరాపురం వైపు. అక్కడికి ఏటా ఎర్రకాళ్ల కొంగలొచ్చి ఊరి మధ్య చింతచెట్ల మీద గూళ్లు కడతాయి. సైబీరియా నుంచి వస్తాయని పేపర్లలో రాస్తుంటారు, కాదు. ఇవి మన ఉపఖండం పక్షులే. ముక్కు సగం తెరిచి లోతులేని నీళ్లలో పెడతాయి, చేప తగలగానే టక్కున మూస్తాయి. అంటే చెట్టొక్కటే ఉంటే చాలదు, చెరువులో నీళ్లుండాలి, చేపలుండాలి. “కానుపుకొచ్చిన ఆడబిడ్డలు రా అవి, తరమకూడదు” అంటుంది అవ్వ. రెట్టల కంపు గురించి మాత్రం ఎవరూ రాయరు. నిజంగా కంపే. ఆ ఊరివాళ్లు భరిస్తున్నారు.

మా ఊరి చెరువుకూ ఒకప్పుడు కొంగలొచ్చేవట. నేను చూడలేదు. చెరువులోకి నీళ్లు తెచ్చే వంకల్లో ఇప్పుడు చేన్లు, చేన్లలో బోర్లు. మావే మూడు. రెండు ఎండిపోయాయి.

నిన్న నాయన ఫోన్ చేశాడు.

“మల్బరీ వాడిపోతాంది రా. పాయింట్ చూపించినా. ఒక లక్ష పంపు, నాలుగోది వేద్దాం.”

“అందరూ కలిసి చెరువు పూడిక తీస్తే...”

“చెరువు నిండేలోపు తోట ఉంటాదా?”

జవాబు తోచలేదు. ఆ తోట మీదే నేను బీటెక్ చదివాను. ఫోన్‌పే తెరిచి, అంకె కొట్టి, పంపకుండా అట్లే పెట్టుకుని కూర్చున్నా.