తెర ఎవరివైపు తిరిగి ఉంది?

2022 సంక్రాంతికి గుడివాడలో క్యాసినో నడిపించారని ప్రతిపక్షం ఆరోపించింది. అప్పటి స్థానిక మంత్రి అదేం లేదన్నారు. నిజనిర్ధారణ కమిటీ వచ్చింది, ఊళ్ళో గొడవైంది. వాదనంతా ఫోన్లలో తిరిగిన చిన్న చిన్న వీడియోల చుట్టూనే. పండక్కి కోడిపందేలూ, గుండాటా, పేకాటా చూస్తూ పెరిగిన కృష్ణా జిల్లా వాళ్ళకి జూదం కొత్త కాదు, ఆ మాటే కొత్త. నాకు మాత్రం వేరే కుతూహలం పట్టుకుంది. అసలైన క్యాసినోలో అంతంత డబ్బు చేతులు మారుతుంటే, తగాదా వస్తే ఎలా తేలుస్తారు?

వెతుక్కుంటూ పోతే కథ కెమెరాల దగ్గరికి చేరింది. లాస్ వేగస్‌లో కెమెరాలు రాకముందు, హాలు పైకప్పులో మనుషులు తిరిగే దారులు కట్టేవారు. వాళ్ళు అక్కణ్ణుంచి, ఒకవైపు నుంచే కనపడే అద్దాల్లోంచి, కింది బల్లల్ని కనిపెట్టి చూసేవాళ్ళు. ఇప్పుడా పని కెమెరాలది. ముక్కలు పంచే డీలర్ బల్ల వదిలి వెళ్ళేముందు చేతులు రెండూ చరిచి, అరచేతులు తిరగేసి చూపించాలి. నా దగ్గర ఏమీ లేదని పైనున్న కంటికి చెప్పడం అన్నమాట. జూదగాడి మీద ఎంత అనుమానమో, సొంత మనిషి మీదా అంతే.

కానీ అక్కడ ఇంకో సంగతి కూడా ఉంది. నెవాడాలో కెమెరాలు పెట్టడం ఓనరు ఇష్టానికి వదిలేసింది కాదు, దానికి ప్రభుత్వ నిబంధనలున్నాయి. ఆటగాడికీ క్యాసినోకీ 500 డాలర్లో అంతకు మించో పేచీ వచ్చి, వాళ్ళలో వాళ్ళకి తేలకపోతే, క్యాసినోయే గేమింగ్ కంట్రోల్ బోర్డుకి కబురు చెయ్యాలి. బోర్డు తరఫున విచారణ జరుగుతుంది. జూదశాలలో కూడా, ఓడినవాడి మాట వినడానికి ఒక దారి పెట్టారు.

ఆ దారి గురించి నేను మళ్ళీ ఆలోచించింది బందరులో. చిలకలపూడి రోల్డ్‌గోల్డ్ నగలమ్మే ఒక షాపులో పనిచేసే అమ్మాయి నాకు కాస్త పరిచయం. అక్కడ కౌంటరు మీద ఒక కెమెరా, గల్లాపెట్టె మీద ఒక కెమెరా. తెర ఓనరు కుర్చీ ముందు. రాత్రి షాపు కట్టేసేటప్పుడు అమ్మాయిలు వరసగా వచ్చి, హ్యాండ్‌బ్యాగులు తెరిచి, టిఫిన్ బాక్సు మూతలు తీసి, కెమెరాకి చూపించి వెళ్ళాలట. డీలర్ల అరచేతులు గుర్తొచ్చాయి నాకు.

ఒక నెల ఆమె జీతంలో 1,200 రూపాయలు కోత పెట్టారు. హారం సెట్టు ఒకటి లెక్కకి తగ్గిందని.

“ఆ రోజు వీడియో చూడండి సార్, నేను తీశానేమో మీకే తెలుస్తుంది అన్నానక్కా.”

“ఏమన్నారు?”

“నీకు చూపించడానికి పెట్టింది కాదులే అన్నారు. నాలుగు రోజులాగి మళ్ళీ అడిగితే చెరిగిపోయిందన్నారు.”

చెరిగిపోయిందన్నది అబద్ధం కాకపోవచ్చు. డిస్కు నిండితే పాత రికార్డింగు మీద కొత్తది ఎక్కుతుంది. జనం ఎక్కువగా వచ్చేచోట కెమెరాలు పెట్టాలనీ, 30 రోజుల రికార్డింగు దాచాలనీ 2013లో మన రాష్ట్రంలో ఒక చట్టం వచ్చింది. పోలీసులు అడిగితే అది ఇవ్వాలి. నెల జీతం మీద బతికే పిల్ల 1,200 కోసం పోలీస్‌స్టేషన్ మెట్లెక్కుతుందా?

గుడివాడ నుంచి బందరు వచ్చే దారిలోనే గుడ్లవల్లేరు. 2024 ఆగస్టులో అక్కడి ఇంజినీరింగ్ కాలేజీ హాస్టల్ బాత్రూముల్లో రహస్య కెమెరా పెట్టారన్న ఆరోపణతో విద్యార్థినులు రాత్రిపూట ఆందోళనకి దిగారు. కెమెరాలేవీ దొరకలేదని పోలీసులు తర్వాత చెప్పారు. కెమెరా లేకపోయినా భయం నిజమే. నా బొమ్మ ఎవరి చేతిలో ఉంది, దాన్ని ఎవరు చూస్తున్నారు అన్నదే ఆ భయం. షాపులో ఉన్నది బోర్డు పెట్టి మరీ చూసే కెమెరా. అక్కడ కూడా ఆ ప్రశ్నకి జవాబు చెప్పేవాళ్ళు లేరు.

దివిసీమలో ఇంకో రకం చూశాను. నాగాయలంక వైపు రొయ్యల చెరువు గట్టు మీద స్తంభం, దానికి కెమెరా. ఓనరు విజయవాడలో కూర్చుని ఫోన్లో చూసుకుంటాడు. కాపలా ఉండే పెద్దాయన నవ్వుతూ అన్నాడు: “ఇదివరకు నేను చెరువుని కాసేవోణ్ణి బాబూ. ఇప్పుడది నన్ను కాస్తంది.” ఒకసారి మేత బస్తాలు తగ్గాయని అడిగితే, వీడియో చూసుకోమన్నాడట ఈయన. ఓనరు చూశాడు. బస్తాలు దించేటప్పుడే తక్కువ దించారు. పెద్దాయన మాట నిలబడింది.

అంటే ఆ యంత్రానికి మనుషుల్ని పట్టించడమే కాదు, కాపాడటం కూడా తెలుసు. చెరువు ఓనరు మంచివాడు కాబట్టి చూశాడు, షాపు ఓనరు చూపించలేదు. ఒకరి మంచితనం మీద ఆధారపడినదాన్ని హక్కు అనలేం. నష్టం పేరుతో జీతం కోసేముందు పనిచేసేవాళ్ళ సంజాయిషీ వినాలన్న సూత్రం మన దేశంలో 1936 నాటి వేతనాల చెల్లింపు చట్టం నుంచీ ఉంది. సంజాయిషీకి రుజువు కావాలి. ఆ రుజువేమో ఓనరు తెరలో ఉంది.

కెమెరాలు పీకెయ్యమని నేననను. దొంగతనాలు లేవనీ అనను. ఎవరి మీద నింద వేస్తున్నారో, ఆ మనిషిని తెర ముందు కూర్చోబెట్టి చూపించిన తర్వాతే జీతంలో చెయ్యి పెట్టమంటున్నాను. కుర్చీ కొద్దిగా జరిపి తెర ఇటు తిప్పడానికి ఎంతసేపు పడుతుంది? ఆ అమ్మాయి ఇంకా అదే షాపులో పనిచేస్తోంది. టిఫిన్ బాక్సు మాత్రం తీసుకెళ్ళడం మానేసింది.