బోల్టు పడ్డ చేను

హాస్టల్లో మిత్రుడి కంప్యూటర్ మీద నేనో ఆట మరిగాను. పేరు 'స్టాకర్: షాడో ఆఫ్ చెర్నోబిల్'. ఉక్రెయిన్ రాజధాని కీవ్‌లో తయారై 2007లో విడుదలైంది. 1986 ఏప్రిల్ 26న పేలిపోయిన చెర్నోబిల్ అణువిద్యుత్ కేంద్రం చుట్టూ ఉన్న నిషిద్ధ ప్రాంతంలో మనం బతికి బయటపడాలి. ముందు ఒక బోల్టు విసిరి, ప్రమాదం లేదని తేలాకే అడుగెయ్యాలి. గైగర్ కౌంటర్ టకటకమంటే వెనక్కి పరుగే!

సెలవుల్లో ఆ దృశ్యాలు మా నాయనకు ఫోన్లో చూపించాను. తుపాకుల్ని, వింత మృగాల్ని ఆయన పట్టించుకోలేదు.

"ఇంత నేల బీడు పెట్టారేమిరా?" అన్నాడు.

నేను చదివింది ఒప్పజెప్పాను. నేలమీద పడ్డ సీసియం-137 అర్ధజీవితకాలం సుమారు 30 ఏళ్లు. రసాయన గుణంలో అది పొటాషియంకు దగ్గర చుట్టం గనుక పైరు వేళ్లు దాన్ని కూడా పీల్చుకుంటాయి. పొటాష్ మాట వినగానే నాయనకు సంగతి అర్థమైపోయింది.

"మరి ఆ రైతులో?"

ఆటలో రైతు లేడు. కానీ నిజంగా జరిగింది చెప్పాను. ఊళ్లు ఖాళీ చేయించినా, కొందరు ముసలివాళ్లు వద్దంటున్నా తిరిగొచ్చి, పెరట్లో బంగాళదుంపలు వేసుకున్నారని.

"తెలిసే వచ్చారా?"

"తెలిసే నాయనా."

ఆయన ఇంకేమీ అడగలేదు. లేచి చేనుకేసి వెళ్లిపోయాడు.

ఆటలో చస్తే మళ్లీ మొదలెట్టొచ్చు. నేలకు ఆ వెసులుబాటు లేదు. ఇప్పటికీ ఆడుతూనే ఉన్నాను గానీ, బోల్టు విసిరినప్పుడల్లా అనుకుంటాను: ఇది ఎవరి చేలో పడిందో!